మందస వైపు నుంచి మహేంద్రగిరి నడక: దారి తప్పితే గెడ్డ (కొండ వాగు) పట్టుకుని దిగాలా, గట్టు (కొండ వెన్ను) మీదే ఉండాలా?

పలాస_కుర్రాడు
అందరికీ నమస్కారం. సంక్రాంతి వెళ్లాక మేం అయిదుగురం శ్రీకాకుళం జిల్లా మందస వైపు నుంచి, ఒడిశా సరిహద్దులో ఉన్న మహేంద్రగిరి కొండ ఎక్కుదామనుకుంటున్నాం. శివరాత్రికి జనంతో పాటు ఎక్కడం వేరు, అప్పుడు దారి తప్పుదామన్నా కుదరదు. మేం వెళ్లేది జనం లేని రోజుల్లో. పర్లాకిమిడి వైపు నుంచి బండి మీద చాలా ఎత్తుదాకా వెళ్లొచ్చని తెలుసు. అది మాకు వద్దు, నడిచే వెళ్లాలి.

మాలో ఒకడు ఎవరో నడుస్తూ జీపీఎస్‌లో రికార్డు చేసిన దారి, అదే ట్రాక్ ఫైలు, సంపాదించాడు. ఫోన్లో వేసుకుని ఆ నీలం గీత వెంట పోతే చాలంటున్నాడు. ఇంట్లో మా పెదనాన్న మాత్రం "దారి తప్పితే గెడ్డ పట్టుకుని దిగిపోండి, ఏదో ఒక ఊరు తగులుతుంది" అంటున్నారు. యూట్యూబులో చూస్తే అలా చేయొద్దు, గట్టు వదలొద్దు అంటున్నారు. ఎవరి మాట వినాలి? ఆ కొండలు తెలిసినవాళ్లు చెప్పండి. ఫోన్ కాకుండా ఇంకేం పట్టుకెళ్లాలో కూడా.

బొబ్బిలి_బాటసారి
పెదనాన్న మాట విను తమ్ముడూ. మన పెద్దవాళ్లు ఫోన్లు చూసుకుని తిరిగారా? నీళ్లు పల్లానికి పోతాయి, పల్లంలో ఊళ్లుంటాయి. అయిపోయింది.

మ్యాపు_మాస్టారు
నీళ్లు పల్లానికే పోతాయి, కాదనను. ఏ పల్లానికి అన్నదే పేచీ.

పర్లాకిమిడిని ఆనుకుని పారేది మహేంద్రతనయ. బారువ దగ్గర సముద్రంలో కలిసేదీ మహేంద్రతనయే. పేరు ఒకటే, ఏరులు రెండు. రెండూ ఆ కొండల్లోనే పుడతాయి. ఒకటి వంశధారలో కలుస్తుంది, రెండోది వంశధార మొహం చూడకుండా తిన్నగా సముద్రానికి పోతుంది. గట్టు మీద మంచులో నాలుగడుగులు అటు వేసి "ఇదే మహేంద్రతనయ" అనుకుని దిగినవాడు, మందసలో తేలాల్సినవాడు ఒడిశా లోపలి లోయలో తేలతాడు. అక్కడా ఊళ్లుంటాయి, ఉండవని కాదు. కానీ నీ బండి ఒక కొండకి ఇవతల, నువ్వు అవతల.

కాబట్టి గెడ్డా గట్టా అని అడిగేముందు, ఎక్కడ నిలబడితే నీళ్లు ఎటు పడతాయో ఇంటి దగ్గరే మ్యాపు మీద తేల్చుకోవాలి. సర్వే ఆఫ్ ఇండియా టోపోషీటు, అంటే నేల ఎత్తుపల్లాలు చూపే మ్యాపు, తీసుకో. మందస, మహేంద్రగిరి రెండూ పాత లెక్క ప్రకారం 74బి/5 షీటులోనే వస్తాయి. శిఖరానికి ఉత్తరంగా మూడు, నాలుగు కిలోమీటర్లు పోతే షీటు మారుతుంది, అది 74ఎ/8. అదీ దగ్గర ఉంచుకో. ఇప్పుడు ఓపెన్ సిరీస్ మ్యాపులు వాళ్ల పోర్టల్‌లో పేరు నమోదు చేసుకుని పీడీఎఫ్‌గా దింపుకోవచ్చు, అక్కడ షీటు నంబర్లు వేరే పద్ధతిలో ఉంటాయి. 1:50,000 స్కేలు, అంటే మ్యాపు మీద 2 సెంటీమీటర్లు నేల మీద ఒక కిలోమీటరు. గోధుమ రంగు గీతలు కంటూర్లు, అంటే ఒకే ఎత్తులో ఉన్న చోట్లని కలిపే గీతలు, గీతకీ గీతకీ 20 మీటర్ల ఎత్తు తేడా.

ఆ షీటు మీద పసుపుపచ్చ పెన్సిలుతో నీటి గట్టు, అంటే నీళ్లు అటొకటి ఇటొకటిగా చీలిపోయే గీత, గీయడం మొదటి పని. కంటూరు గీత 'వి' ఆకారంలో వంగి దాని ముక్కు ఎత్తు వైపు చూస్తే అది గెడ్డ. ముక్కు పల్లం వైపు చూస్తే అది కొండ నుంచి కిందికి సాగిన వెన్ను. ఒక సాయంత్రం కూర్చుంటే ఆ కొండ మొత్తం తలలో దిగుతుంది. ట్రాక్ ఫైలు వెయ్యిసార్లు చూసినా ఇది రాదు.

పలాస_కుర్రాడు
మాస్టారూ, రెండు మహేంద్రతనయలు ఉన్నాయని మా ఇంట్లో ఎవరికీ తెలీదు. పెదనాన్నకి చెప్పాను. "బారువ ఏరు నాకు తెలీదేటి?" అని కోప్పడ్డారు, రెండో దాని గురించి మాట్లాడలేదు.

బొబ్బిలి_బాటసారి
సరే, ఒప్పుకుందాం, తూర్పు పక్కే దిగాడనుకోండి. అప్పుడు గెడ్డ పడితే తప్పేంటి? సముద్రం వైపే కదా పోతుంది.

మ్యాపు_మాస్టారు
తూర్పు పక్క వాలు నిటారు. గెడ్డ పుట్టిన చోట చక్కగా, మెత్తగా ఉంటుంది, పిల్లవాడైనా దిగుతాడు. తర్వాత రాతి మెట్లు మొదలవుతాయి. ఒక మెట్టు జారుతూ దిగుతావు, దాన్ని తిరిగి ఎక్కలేవు. దాని కింద ఇంకో మెట్టు, ఈసారి 15 మీటర్లది. కంటూరు తేడా 20 మీటర్లు కాబట్టి 15 మీటర్ల రాతి గోడ మ్యాపులో అసలు కనబడకపోవచ్చు. ముందుకీ వెనక్కీ పోలేని చోట ఇరుక్కోవడం అంటే అదే. జనం చాలామంది ఇరుక్కునేది అలాగే.

పైగా గెడ్డలో ఉన్నవాడికి ఏమీ కనబడదు. రెండు పక్కలా పొదలు, నెత్తి మీద ఆకు. నువ్వు పిలిస్తే నీళ్ల చప్పుడులో వినబడదు. ఇరుకు లోయలో ఫోనుకి సిగ్నలూ రాదు, జీపీఎస్ కూడా పదుల మీటర్లు అటూ ఇటూ కొడుతుంది.

అయితే పెదనాన్నగారి మాటలో నిజం లేకపోలేదు. వాలు తగ్గి, కంటూర్లు ఎడమెడమయ్యాక, జీడితోటలు మొదలయ్యాక గెడ్డంత మంచి తోవ లేదు. అది తిన్నగా ఏదో ఒక చెరువుకి తీసుకెళ్తుంది, చెరువు గట్టు మీద మనుషులుంటారు. ఆయన తిరిగిన నేల బహుశా అదే. ఆ సలహాని కింది మూడో వంతుకి వాడుకో, పై రెండు వంతులకి వద్దు.

ఘాటీ_రాజేశ్వరి
గట్టు మీదే ఉండమనేవాళ్లు చెప్పనిది ఒకటుంది. ఎక్కేటప్పుడు గట్టు సాయం చేస్తుంది, దిగేటప్పుడు మోసం చేస్తుంది.

కొండ వెన్నులు అరచేతి నుంచి విడిపోయిన వేళ్లలా ఉంటాయి. వేలి కొసన మొదలుపెట్టి ఎక్కితే ఏ వేలైనా అరచేతికే చేరుస్తుంది. అందుకే ఎక్కేటప్పుడు ఎవరూ తప్పిపోరు, "అబ్బే, ఇదేం కష్టం" అనుకుంటారు. దిగేటప్పుడు ప్రతి చీలిక దగ్గరా ఎంచుకోవాలి. పైన పది అడుగుల తేడాతో వేరే వెన్ను పట్టుకుంటే కింద మూడు కిలోమీటర్లు అవతల తేలతారు, మధ్యలో లోయ.

గెడ్డలు దీనికి తిరగేసి. దిగేటప్పుడు కలుస్తాయి, ఎక్కేటప్పుడు చీలతాయి.

కాబట్టి ఎక్కుతూ ఉండగా ప్రతి చీలిక దగ్గర ఆగి, వెనక్కి తిరిగి చూడాలి. వచ్చిన దారి వెనక నుంచి ఎలా కనిపిస్తుందో ఫోన్లో ఒక ఫొటో తీసుకోండి. ఎక్కేటప్పుడు మీరు చూసేది కొండ, దిగేటప్పుడు చూసేది మైదానం. రెండు దృశ్యాలకీ పోలిక ఉండదు. ఫోన్లో ఆ చోటుకి ఒక గుర్తు కూడా పెట్టుకోండి. సెల్ఫీల కంటే పనికొచ్చే ఫొటోలవి.

పలాస_కుర్రాడు
అక్కా, ఇది ఎవరూ చెప్పలేదు. థాంక్స్. చీలిక దగ్గర రాళ్లు పేర్చి గుర్తు పెట్టొచ్చా?

ఘాటీ_రాజేశ్వరి
పెట్టొచ్చు, కానీ దిగేటప్పుడు తీసేయండి. మీ తర్వాత వచ్చేవాడికి ఆ రాళ్లు మీవో, ఊరివాళ్లు పెట్టుకున్న పూజ రాళ్లో తెలియదు. అక్కడ ముందే ఉన్న రాళ్లని మాత్రం ముట్టుకోవద్దు. చెట్ల మీద కత్తి గాట్లు, పెయింట్లు అసలే వద్దు.

విజయనగరం_సిగ్నల్
ఫోన్ గురించి నేను చెప్తాను, నా పని అదే.

నెట్‌వర్క్ లేకపోయినా జీపీఎస్ పనిచేస్తుంది. ఇది చాలామందికి తెలియక సిగ్నల్ పోగానే టెన్షన్ పడతారు. ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టండి, బ్యాటరీ రెండింతలు ఆగుతుంది. సిగ్నల్ కోసం టవర్లని వెతుక్కోవడమే ఫోన్‌ని తినేస్తుంది. కాకపోతే మొదటిసారి ఉపగ్రహాలు దొరకడానికి నెట్ లేకుండా కొన్ని నిమిషాలు పట్టొచ్చు, ఆకాశం కనబడే చోట కదలకుండా నిలబడండి. మ్యాపు ముందే దింపుకోవాలి. ఓస్మాండ్, ఆర్గానిక్ మ్యాప్స్ రెండూ ఆఫ్‌లైన్లో నడుస్తాయి, కంటూర్లు కూడా చూపిస్తాయి. గూగుల్ మ్యాప్స్ రోడ్డుకి మంచిది, అడవిలో అది ఉత్త పచ్చ కాగితం.

ఇక అంకెలు. శిఖరం దాదాపు 18 డిగ్రీల 58 నిమిషాల ఉత్తర అక్షాంశం, 84 డిగ్రీల 22 నిమిషాల తూర్పు రేఖాంశం. దీన్ని తొందరలో 18.58, 84.22 అని కొడితే ఏమవుతుందో తెలుసా? మహేంద్రగిరి టెక్కలి పక్కకి వచ్చేస్తుంది! నిమిషాలు అరవైకి, దశాంశం వందకి. సరైన అంకె 18.97, 84.37 దగ్గర్లో ఉంటుంది. వాట్సాప్‌లో ఒకరికొకరు పంపుకునేటప్పుడు ఏ పద్ధతో రాయండి.

యూటీఎం పద్ధతి (భూమిని జోన్లుగా విడగొట్టి చోటుని మీటర్లలో చెప్పేది) వాడేవాళ్లకి శ్రీకాకుళం జిల్లాలో ఇంకో చిక్కుంది. 84 డిగ్రీల రేఖాంశం శ్రీకాకుళం టౌనుకీ నరసన్నపేటకీ మధ్య నుంచి పోతుంది. దానికి పడమర 44వ జోను, తూర్పు 45వ జోను. గీత దగ్గర ఒకే చోటుకి తూర్పు కొలత ఒక జోనులో 8 లక్షల 16 వేల చిల్లర మీటర్లు, ఇంకో జోనులో లక్షా 83 వేల చిల్లర వస్తుంది. హిరమండలం వైపు వాడు పంపిన అంకె మందస వైపు వాడి పరికరంలో జోను మార్చకుండా కొడితే చుక్క ఎక్కడో పడుతుంది. టోపోషీట్లు కూడా ఆ గీత దగ్గరే 65ఎన్ నుంచి 74బికి మారతాయి. జిల్లాని నిలువునా కోసే ఈ గీత సంగతి ఇక్కడి ట్రెక్కింగ్ గ్రూపుల్లోనే సగం మందికి తెలియదు.

బొబ్బిలి_బాటసారి
ఈ జోన్లు, డిగ్రీలు చదివేసరికి నాకు ఇక్కడే దారి తప్పినట్టుంది.

మందస_మామిడితోట
మాది ఆ కొండ కిందే. ట్రాక్ ఫైలు తేదీ చూశారా? 2018 అక్టోబర్ 11న తిత్లీ తుఫాను వచ్చాక ఇక్కడ దారులు దారులుగా లేవు. పలాస దగ్గరే తీరం దాటింది కదా, జీడి, కొబ్బరి తోటలు కూలిన సంగతి అందరికీ తెలుసు, కొండ మీద చెట్లు పడిన సంగతి ఎవరూ పట్టించుకోలేదు. పడిన చెట్లు తప్పించుకుంటూ మనుషులు, పశువులు కొత్త దారి చేసుకున్నారు. పాతది ఈత పొదలతో మూసుకుపోయింది. "పెద్ద మర్రి దగ్గర ఎడమకి తిరుగు" లాంటి గుర్తులు చాలా పోయాయి.

అదొక్కటే కాదు. పోడు ఏడాదికో చోటికి జరుగుతుంది, దాంతో పాటు కాలిబాటా జరుగుతుంది. ఆగస్టు నుంచి నవంబరు దాకా గడ్డి నడుమెత్తు, దారి కాలికి తెలుస్తుంది గాని కంటికి కనబడదు. జనవరికి గడ్డి పడుతుంది కాబట్టి మీరు ఎంచుకున్న నెల మంచిదే. శివరాత్రి రోజుల్లో రికార్డు చేసిన ట్రాక్ అయితే అప్పటికి జనం తొక్కి రోడ్డు చేసి ఉంటారు, మీకు జనవరిలో ఆ దారి ఉంటుందని నమ్మకం లేదు.

మ్యాపు_మాస్టారు
టోపోషీటులో చుక్కలుగా చూపించే కాలిబాటలకీ ఇదే వర్తిస్తుంది. సర్వే జరిగిన ఏడాది షీటు అంచున ఉంటుంది, చూసుకోండి. బాటలు మారతాయి, కంటూర్లు మారవు. ఇంకోటి: ఆ షీట్లలో ఏడాదంతా నీరుండే ఏరులు నీలం, ఎండిపోయేవి నలుపు. నల్ల గీత చూసి "గెడ్డ ఉంది, నీళ్లుంటాయి" అనుకుని సీసాలు ఖాళీగా తీసుకెళ్లొద్దు. జనవరిలో పై గెడ్డలు చాలావరకు రాళ్లే.

పాచిపెంట_నడక
నేను ఉద్యోగరీత్యా సాలూరు, పాచిపెంట కొండల మీది గూడేలకి నడిచి తిరుగుతుంటాను. కంపాస్ గురించి పెద్దగా తెలియదు. మనుషుల్ని దారి అడగడం గురించి మాత్రం తెలుసు, అది ఇక్కడ ఎవరూ రాయలేదు.

"ఇది ఫలానా ఊరికే కదా?" అని అడగొద్దు. అవుననే అంటారు. మిమ్మల్ని మోసం చేయాలని కాదు, కొత్త మనిషిని కాదని బాధపెట్టడం వాళ్లకి ఇష్టం ఉండదు. "ఈ దారి ఎక్కడికి పోతుంది?" అని అడగండి. జవాబులో ఊరి పేరు వాళ్ల నోట రావాలి.

"ఎంత దూరం?" అంటే "దగ్గరే" అంటారు. వాళ్లకి దగ్గరే. "ఇప్పుడు బయల్దేరితే ఎండ ఎక్కడున్నప్పుడు చేరతాం?" అని అడిగితే చెయ్యెత్తి ఆకాశంలో చూపిస్తారు. దానికి మీ నడక లెక్కన సగం కలుపుకోండి.

కొత్తగూడ, మెట్టగూడ లాంటి పేర్లు కొండకి రెండు మూడుంటాయి. పేరుతో పాటు దాని పక్క ఊరి పేరు, సంతకి ఎక్కడికి దిగుతారో అడగండి. మీ వైపు సవర గిరిజనులు ఎక్కువ, ఒడిశా పక్క ఒడియా వస్తుంది. ఆడవాళ్లకి, పెద్దవాళ్లకి తెలుగు రాకపోవచ్చు, సంతకి వెళ్లొచ్చే కుర్రాళ్లని అడగండి. గిడుగు రామమూర్తిగారు పర్లాకిమిడిలో ఉంటూ సవర భాష నేర్చుకుని నిఘంటువే రాశారు. మనం "నీళ్లు", "దారి", "ఊరు" అనే మూడు మాటలైనా నేర్చుకుని వెళ్తే మర్యాద.

చీలిక దగ్గర ఏది ఊరి దారో ఎలా తెలుస్తుందంటే, వెడల్పు చూసి కాదు. వెడల్పు దారి చాలాసార్లు పశువులది, లేదా కట్టెలకి వెళ్లేది. అది నరికిన మోళ్ల దగ్గర ఆగిపోతుంది. రాయి మీద అరిగిన నున్నదనం, చెప్పుల అచ్చులు, గుట్కా కవర్లు ఉన్న దారి మనుషులది. గుట్కా వల్ల ఈ భూమికి జరిగిన ఏకైక మేలు ఇదే.

సంతబొమ్మాళి_సీను
చివరి లైనుకి దండం అక్కా 😄

మీ సాలూరు పక్క కొటియా వైపు వెళ్తే ఇంకో తమాషా. ఆ గ్రామాలు 21, ఆంధ్ర మావే అంటుంది, ఒడిశా మావే అంటుంది. నడుస్తుంటే మీరు ఏ రాష్ట్రంలో ఉన్నారో మ్యాపు చూసినా తెగదు.

అడవి_బీటు
మధ్యలో వచ్చినందుకు ఏమనుకోకండి. మీరంతా దిక్కుల గురించి మాట్లాడుతున్నారు. అది రిజర్వ్ అడవి, పైగా రెండు రాష్ట్రాల సరిహద్దు. రేంజ్ ఆఫీసులో అడిగి అనుమతి తీసుకోవాలి, శిఖరం ఒడిశాలోని గజపతి జిల్లాలో ఉంది కాబట్టి అటువైపు కూడా అడగాలి.

ఇంకో మాట. ఎలుగుబంట్లు. ఉద్దానంలో వాటి గురించి నేను చెప్పక్కర్లేదు. తెల్లవారుజామున, పొద్దుగూకే వేళ తిరుగుతాయి. వాటికి గాలి వాసన కంటే మీ మాట చప్పుడు ముందు వినబడితే అవే తప్పుకుంటాయి. గెడ్డలో నీళ్ల హోరులో మీ చప్పుడు వాటికి, వాటి చప్పుడు మీకు వినబడదు, ఎదురెదురు పడతారు. గెడ్డ పట్టుకోవద్దనడానికి నా కారణం ఇది. సీతంపేట, కురుపాం వైపైతే ఏనుగులు కూడా. 2007 నుంచి ఒడిశా లఖేరి వైపు నుంచి దిగుతున్నాయి. అవి నడిచేది నీటి వెంబడే. సాయంత్రం నాలుగు తర్వాత గెడ్డ పక్క నడక వద్దు.

పలాస_కుర్రాడు
అందరికీ థాంక్స్. ప్లాన్ మార్చాం. ఇలా అనుకుంటున్నాం, తప్పులుంటే చెప్పండి.

మందస నుంచి శిఖరం గీత గీస్తే పదిహేను, పదహారు కిలోమీటర్లు. కొండ పాదం దాకా బండ్లు. అక్కడి నుంచి నడక పది కిలోమీటర్లు అనుకుంటున్నాం. గంటకి అయిదు చొప్పున రెండు గంటలు, ఎక్కడం కాబట్టి ఇంకో గంట. ఉదయం 9కి మొదలుపెడితే 12కి పైన, 3కి కింద. ఒక్క రోజులో అయిపోతుంది.

ఘాటీ_రాజేశ్వరి
అయ్యో!

మ్యాపు_మాస్టారు
బాబూ, ఇది చదివి నా కాళ్లు నొప్పెట్టాయి.

శిఖరం 1501 మీటర్లు. కొండ పాదం వంద మీటర్లలోపే. అంటే దాదాపు 1400 మీటర్లు ఎక్కాలి. 1892లో స్కాట్లాండ్‌లో నెయిస్మిత్ అనే ఆయన ఒక లెక్క చెప్పాడు: గంటకి 5 కిలోమీటర్లు, దానికి తోడు ప్రతి 600 మీటర్ల ఎక్కుడుకీ ఇంకో గంట. ఆ లెక్కన నీ పది కిలోమీటర్లకి రెండు గంటలు, ఎక్కుడుకి రెండుంపావు పైన. నాలుగుంపావు దాటింది. అది చలిదేశంలో, గడ్డి కొండల మీద, గట్టి నడకగాడికి. ముళ్లపొదలు, బరువు సంచులు, అయిదుగురిలో నెమ్మదైనవాడు, దారి వెతుక్కోవడం, ఇవన్నీ కలిపితే ఒకటిన్నర రెట్లు తక్కువ కాదు. ఎక్కడానికే ఆరున్నర గంటలు వేసుకో. దిగడం కూడా మోకాళ్ల మీద నాలుగైదు గంటలు.

సంక్రాంతి రోజుల్లో మనకి పగలు పదకొండు గంటల పైచిలుకు అంతే. ఒక్క రోజులో కావాలంటే అంకెలు సరిపోవు.

ఘాటీ_రాజేశ్వరి
పైగా సూర్యాస్తమయం అయిదున్నర ప్రాంతం అని క్యాలెండరులో ఉంటుంది, అది మైదానంలో. మందస వైపు వాలు ఆగ్నేయం ముఖంగా ఉంది, సూర్యుడు కొండ వెనక్కి ముందే పోతాడు. చెట్ల కింద నాలుగున్నరకే మసక. తెల్లవారుజామునే కొండ పాదం దగ్గర ఉండి, వెలుతురు రాగానే అడుగు వేయాలి. మధ్యాహ్నం 12 అయితే ఎక్కడ ఉన్నా వెనక్కి. శిఖరం కనబడుతున్నా సరే.

పలాస_కుర్రాడు
అక్కా, కనబడుతున్నా కూడానా? అయితే పైన రాత్రి ఉండొచ్చా?

అడవి_బీటు
అనుమతిలో రాత్రి బస రాసి ఉంటేనే. నిప్పు పెట్టొద్దు. జనవరికి గడ్డి ఎండిపోయి ఉంటుంది.

కళింగపట్నం_చుక్కలు
నా ఇష్టమైన విషయం ఎవరూ ముట్టుకోలేదు, దిక్కులు.

కంపాస్ కొనండి, పారదర్శకమైన ప్లాస్టిక్ పలక మీద ఉండేది. మనకో అదృష్టం ఉంది. కొన్ని దేశాల్లో కంపాస్ చూపే ఉత్తరానికీ అసలు ఉత్తరానికీ పది, పదిహేను డిగ్రీల తేడా ఉంటుంది, ప్రతిసారీ లెక్క కట్టుకోవాలి. ఇక్కడ తేడా ఒక డిగ్రీ లోపే. మర్చిపోవచ్చు. ఒక డిగ్రీ తప్పితే కిలోమీటరుకి 17 మీటర్లు పక్కకి పోతారు, అంతే. ఫోనుకి, పవర్ బ్యాంకుకి దూరంగా పట్టుకోండి చాలు.

సముద్రం కనబడితే అది తూర్పు అనుకుంటారు అందరూ. మన తీరం నైరుతి నుంచి ఈశాన్యానికి వాలుగా పోతుంది. కొండ మీద నుంచి దగ్గరగా కనబడే సముద్రం ఆగ్నేయంలో ఉంటుంది. తూర్పని నమ్మి మ్యాపు తిప్పుకుంటే 45 డిగ్రీలు పోయింది.

సూర్యుడి నీడ కూడా జాగ్రత్త. జనవరిలో సూర్యుడు దక్షిణంగా ఉంటాడు, మిట్టమధ్యాహ్నం కర్ర నీడ ఉత్తరం చూపిస్తుంది, మీకు బాగా పనికొస్తుంది. ఇదే పని జూన్‌లో చేస్తే బోర్లా పడతారు. మే మధ్య నుంచి జూలై చివరి దాకా మన అక్షాంశంలో మధ్యాహ్నపు సూర్యుడు నడినెత్తికి ఉత్తరంగా ఉంటాడు, నీడ దక్షిణానికి పడుతుంది. పాశ్చాత్య పుస్తకాల్లో వాచీ ముల్లుతో దిక్కు కనుక్కునే కిటుకు ఇక్కడ అందుకే పని చేయదు.

ధ్రువ నక్షత్రం మనకి ఎత్తు 19 డిగ్రీలే. చేయి చాచి పిడికిలి బిగిస్తే సుమారు 10 డిగ్రీలు, అంటే నేల గీత మీద రెండు పిడికిళ్ల ఎత్తు. ఉత్తరాన కొండ అడ్డుంటే కనబడదు. జనవరిలో సప్తర్షులు పూర్తిగా పైకి వచ్చేసరికి రాత్రి బాగా ముదురుతుంది. అప్పటిదాకా శర్మిష్ఠ నక్షత్రాల్ని చూసుకోవాలి.

బొబ్బిలి_బాటసారి
చుక్కలు చూసి నడిచే పరిస్థితి వచ్చిందంటే ఆగాల్సిన టైముకి ఆగలేదనే అర్థం. చీకట్లో కూర్చోండి, నడవకండి. ఈ ఒక్క విషయంలో నన్నెవరూ కాదనరు అనుకుంటా.

కళింగపట్నం_చుక్కలు
కాదనను. కానీ కూర్చున్నప్పుడు చూడొచ్చుగా!

విజయనగరం_సిగ్నల్
మందస వైపుకి ఒక మంచి గుణం ఉంది, అది చెప్పి ముగిస్తాను. కొండకీ సముద్రానికీ మధ్య రైలు లైనూ, 16వ నంబరు జాతీయ రహదారీ తీరం వెంబడే పోతాయి. తూర్పు వాలు మీద ఎక్కడున్నా సరే, కంపాస్ ఆగ్నేయానికి పెట్టి మైదానంలోకి దిగితే వాటిని తగలకుండా పోలేరు. కొండ దిగాక మీకు ఉన్న వల అది. పడమటి వాలుకి ఇలాంటిది లేదు, అందుకే నీటి గట్టు దాటొద్దని మాస్టారు అంత గట్టిగా చెప్పారు.

బండ్లు పెట్టిన ఊరికి తిరిగి వచ్చేటప్పుడు తిన్నగా ఊరి మీదికే గురి పెట్టొద్దు. కావాలని కాస్త ఎడమకి గురి పెట్టండి. కింద రోడ్డు తగలగానే ఊరు కుడి చేతి వైపు ఉందని తెలుస్తుంది. తిన్నగా వచ్చి రోడ్డెక్కితే, ఊరు కనబడకపోతే కుడికా ఎడమకా అని కొట్టుకుంటారు.

మందస_మామిడితోట
ఇంత చదువు ఎందుకు, కొండ మీది ఊరి మనిషినొకణ్ణి కూలిచ్చి తీసుకెళ్లండి అని చెప్పబోయాను. చెప్తున్నాను కూడా. కానీ మ్యాపూ పట్టుకెళ్లండి. ఆయన తన ఊరి కొండ కళ్లు మూసుకుని నడుస్తాడు, అవతలి గట్టు దాటితే ఆయనకీ కొత్తే. పైగా ఆయన కాలు బెణికితే దారి చూపాల్సింది మీరే.

ఘాటీ_రాజేశ్వరి
అయిదుగురూ విడిపోవద్దు. "నేను ముందుకెళ్లి చూసొస్తా" అన్నవాణ్ణి పట్టుకుని కూర్చోబెట్టండి. అందరికంటే నెమ్మదైనవాణ్ణి ముందు నడిపించండి, దారి తెలిసినవాడు అతని వెనకే ఉండాలి. అందరి మెడలో ఒక ఈల, మూడుసార్లు ఊదితే సాయం కావాలని. దారి పోయిందనిపించిన క్షణంలో ఆగి, నీళ్లు తాగి, ఆఖరిగా ఖాయంగా తెలిసిన చోటుకి అదే దారిన వెనక్కి వెళ్లండి. ముందుకు పోతే కలుస్తుందేమో అని పోవద్దు. ఏ దారిన వెళ్తున్నారో, ఎన్నింటికల్లా ఫోన్ రాకపోతే 112కి చేయాలో పెదనాన్నగారికి కాగితం మీద రాసిచ్చి వెళ్లండి. ఆయనకి గెడ్డ సంగతి చెప్పి మళ్లీ కోపం తెప్పించకండి.

పలాస_కుర్రాడు
రాసుకున్నాను. రెండు రోజులు పెట్టుకుంటాం, ఊరి మనిషితో. 74బి/5 దింపాను మాస్టారూ, పసుపు పెన్సిలుతో గట్టు గీశాను. ఫొటో పెడతాను, చూసి చెప్పండి. వెనక్కి తిరిగే టైము 12 అని అక్క అన్నారు, రెండు రోజులు కాబట్టి 2 దాకా పోవచ్చంటున్నాడు మావాడు.

మ్యాపు_మాస్టారు
ఫొటో చూశాను. బాగా గీశావు, కాకపోతే వాయవ్యం మూలన ఒక కనుమ దగ్గర గట్టుని గెడ్డ మీదుగా దాటించావు. అక్కడ 'వి' ముక్కు ఎటు చూస్తుందో మళ్లీ చూడు. మంచులో నువ్వు అవతలికి దిగిపోయేది సరిగ్గా అక్కడే.

ఘాటీ_రాజేశ్వరి
2 కాదు. రాత్రి బస చోటుకి 3కల్లా చేరాలి, దాన్నుంచి వెనక్కి లెక్క కట్టుకో.

అడవి_బీటు
ముందు అనుమతి కాగితం చేతికి రానీండి, తర్వాత 12కా 2కా అని తేల్చుకుందురుగాని.

పలాస_కుర్రాడు
సోమవారం రేంజ్ ఆఫీసుకి వెళ్తున్నాం సార్. కనుమ దగ్గర గీత చెరిపేసి మళ్లీ గీస్తున్నా మాస్టారూ.